తార్నాకలో నా గొంతు

ముంబైలో మధ్యాహ్నం మూడింటికి రైలెక్కాను. ఇరవై ఏళ్లుగా అక్కడ హిందీ సీరియళ్లలో తల్లి వేషాలు, మధ్యమధ్య హైదరాబాద్ వచ్చి తెలుగు సినిమాలు. తెలుగులో ముఖం నాది, గొంతు మాత్రం ఎప్పుడూ డబ్బింగ్ ఆవిడదే. ఈసారి కొత్త దర్శకురాలు నా గొంతే కావాలంది. అయితే మర్నాడు నాలుగింటికి పరీక్ష. తెలంగాణ యాస కుదరకపోతే మళ్లీ ఆవిడే. పుట్టి పెరిగిన చోటి మాటకు నాకు పరీక్షేమిటని ఒళ్లు మండింది.

తెల్లవారాక బెర్తు మీద డైలాగు వల్లె వేసుకున్నాను. "ఏంది, గింత లేటైంది? బువ్వ తిన్నవా?"

ఎదురు సీటులోని మల్కాజ్‌గిరి పెద్దాయన మెచ్చుకున్నాడు. "తెలుగు మంచిగ నేర్చుకున్నరు మేడం!"

ఆరున్నరకు సికింద్రాబాద్. వెయిటింగ్ రూంలో స్నానం, రెండు ఇడ్లీలు, తొమ్మిదింటికి తార్నాక బస్సు. ఆడవాళ్లకు ఉచితం కదా అని దర్జాగా ఆధార్ చూపించాను. కండక్టరమ్మ తిప్పి చూసి, "ఇది బొంబాయిది గదమ్మా, టికెట్ తీస్కోవాలె," అంది. తీసుకున్నాను.

తార్నాకలో దిగి యూనివర్సిటీ క్యాంపస్‌లోకి నడిచాను. నాన్న కర్నూలు నుంచి ఇక్కడికి గుమాస్తాగా వచ్చారు. ఇంట్లో సీమ మాట, గడప దాటితే తెలంగాణ మాట. కాలేజీ మెట్ల మీద నాటకాల రిహార్సల్స్, అవి అయ్యాక యాదమ్మ బండి దగ్గర చాయ్. అంత సంతోషంగా మళ్లీ ఎప్పుడూ లేను. బండి ఇప్పుడు రేకుల కొట్టయింది. యాదమ్మ పొయ్యి వైపు తిరిగి ఉంది, ఆమె వెనక గోడకు టీవీ.

"ఒక చాయ్, చక్కెర తక్కువ."

ఆమె తిరగకుండానే అంది, "నాటకాల పిల్లవా?"

కళ్లలో నీళ్లు తిరిగాయి. "సినిమాల్లో నన్ను చూడలేదా?"

"చూసే తీరికేడిది బిడ్డా? టీవీ నా వీపుకుంటది, ఇంటుంట. అండ్ల నువ్వెన్నడు రాలే."

పరీక్ష సంగతి చెప్పి, డైలాగు వినిపించాను. పకపకా నవ్వింది. "పోలీసోళ్లడిగినట్టున్నది. పనిల ఉండి అడగాలె. గీ గ్లాసులు కడుగుకుంట అడుగు."

పదింటి నుంచి ఒంటిగంట దాకా గ్లాసులు కడిగాను, అదే మాట అంటూ. చేతులు పనిలో పడ్డాక నోరు దారికొచ్చింది. చాయ్ కోసం నిలబడ్డ ఓ విద్యార్థిని ఫోనులోంచి తలెత్తకుండానే జవాబిచ్చింది. "తిన్న ఆంటీ."

యాదమ్మ నా చేతిలో ఓ గ్లాసు పెట్టి పంపింది. మెట్రో ఎక్కి నాలుగింటికి డబ్బింగ్ గదిలో ఉన్నాను. మైకు ముందు చప్పుడు కాకుండా కొంగుతో గ్లాసు తుడుస్తూ అడిగాను. రెండో టేకుకు దర్శకురాలు హెడ్‌ఫోన్లు తీసేసింది. "ఇంకెవరూ వద్దు," అంది.

మర్నాడు తిరుగు రైలు. యాదమ్మ కొట్టుకు వెళ్లేవాళ్లు పొద్దున పదకొండు లోపల వెళ్లండి, తర్వాత విద్యార్థుల రద్దీ. ఇన్నేళ్లూ రెండు చోట్ల బతికాను గాని, ఒక చోట నోరు విప్పలేదు. గ్లాసు బ్యాగులోనే ఉంది. సినిమా ఎప్పుడో ఒకనాడు ఆ గోడ మీది టీవీలో వస్తుంది. ఆ రోజు యాదమ్మ చాయ్ వడకట్టడం ఆపి వెనక్కి తిరుగుతుంది.