పుల్లమ్మ ఉన్న దేశం

ఆదోని కొండ దగ్గరికి పోయినప్పుడల్లా నాకొక మాట తోస్తుంది. ఈ కొండ ఉన్నచోటనే ఉండి ఎన్ని దేశాలు తిరిగింది! విజయనగరం, బీజాపూరు, మొగలులు, నిజాం, కొన్నాళ్లు టిప్పు, ఆ తర్వాత కుంపెణీ. మా నాయన పడుచువాడుగా ఉన్న కాలంలో అయితే ఇది మద్రాసు రాష్ట్రం, బళ్లారి జిల్లా. నేను ఊళ్లు పట్టి తిరిగేవాణ్ణని జనం నన్ను దేశదిమ్మరి అంటారు గాని, ఆ పేరు కొండకు ఇవ్వాల్సింది.

ఈ ముక్కే ఎమ్మిగనూరు బస్టాండులో టీ తాగుతా ఎవరితోనో అంటాంటే, పక్క బల్లమీది ముసలాయన నా సంచిలోంచి పొడుచుకొచ్చిన కాగితం చుట్టను చూసి, అది ప్రపంచ పటమా అని అడిగినాడు. అవునన్నాను. అందులో యుగోస్లావియా ఉందా అన్నాడు.

టీ అంగడాయన గ్లాసులు కడుగుతానే నవ్వినాడు. "మా బసవన్న పెండ్లాం ఆ దేశంలోనే ఉంటాది సామీ. వీసా లేకనే పోయింది, గట్టి మనిషి."

ఆ ముసలాయనే బసవన్న. ఆయనకు కోపం రాలేదు. ఏండ్ల తరబడి విని విని ఆ మాట ఆయన చెవులకు అరిగిపోయినట్టుంది. ఆ దేశం ఇప్పుడు లేదని చెప్పబోయినాను. ముక్కలైందని తనకు తెలుసన్నాడు. ఆ ముక్కల పేర్లు కావాలంట. రేపు పెద్దల అమావాస్య, ఆలోపల కావాలంట. నాకు పోవాల్సిన ఊరంటూ ఏదీ లేదు, ఆయన వెంట నడిచినాను.

ఇల్లు నేతగాళ్ల వీధిలో. లోపలికి పోతానే గుంతమగ్గం. మగ్గం మీద గుడ్డ లేదు. పడుగు చివర మిగిలిన నిలువు పోగుల కొసలు మాత్రం జానెడు పొడవున వేలాడతాన్నాయి. నేత తెలిసినవాళ్లు ఆ కొసల్ని కోసెయ్యరు. కొత్త పడుగు వచ్చినప్పుడు వేళ్లకు బూడిద అద్దుకుని, ఒక్కొక్క పోగునూ ఆ పాత కొసకు మెలిపెట్టి అతుకుతారు. మగ్గం ఎప్పుడూ ఖాళీ పడగూడదు. బసవన్నకు నూలు రావడం ఆగిపోయి చాలా కాలమైంది. మగ్గం తీసేసి ఆ చోట మంచం వేసుకుందామని కోడలు నాగవేణి అంటే సరేనంటాడంట గాని, కొసల జోలికి మాత్రం ఎవరినీ పోనివ్వడు.

కథ ఆ రాత్రి ఆయనా, నాగవేణీ తలా ఇంత చెప్పినారు.

ఆ ఇంట్లో ఒక పద్ధతి ఉంది. ఇంటి ఆడమనిషి పోతే, ఆమె రాట్నం మీద కడసారి చుట్టిన నూలు కండెలతో ఒక గుడ్డ నేసి దాచుకుంటారు. ఏటా పెద్దల అమావాస్యకు ఆ గుడ్డ పరిచి, దానిమీద ఆకు వేసి, ఎడ పెట్టి, అంటే పోయినవాళ్లకని అన్నం పెట్టి, పిలుస్తారు. చుట్టాల్లో ఎవరింట దాచుకున్నా, గుడ్డ ఏ ఊళ్లో ఉంటే మనిషి ఆ ఊళ్లో ఉన్నట్టు. అందుకే పిలిచేటప్పుడు ఊరి పేరు తప్పనిసరి: ఆలూరు అవ్వా రా, కౌతాళం అత్తా రా, అని.

పుల్లమ్మ జ్వరంతో పోయేనాటికి మగ్గం మీద పరాయి దేశానికి పోయే దుప్పట్ల పడుగు నడుస్తాంది. బసవన్న దగ్గర వేరే పడుగు లేదు. ఆమె చుట్టిన కండెల్ని ఆ దుప్పట్ల నడుమనే నేసినాడు. ఏది ఆమెదో గుర్తుండేదానికి రెండు కొసలకూ ఎర్రపోగు వేసినాడు. కర్మాంతరాలు మొదలైనాక ఆయన మగ్గం ముట్టకూడదు గదా, అప్పుడు ఎర్రపోగు సంగతి తెలీని తమ్ముడు లక్ష్మన్న గుడ్డ కోసినాడు. మామూలుగా రంగుపోగు కనపడితే అక్కడ కొయ్యమని అర్థం. ఆయన అట్లనే అన్నిచోట్లా కోసి, మడతలు పెట్టి, అన్నిటితోపాటు సరుకు కొనేవాళ్లకు అప్పగించి వచ్చినాడు. తప్పు పట్టేదానికేముంది?

సంగతి తెలిసి బసవన్న ఆదోని దాకా పరిగెత్తినాడు. గూడ్సు షెడ్డు దగ్గర ఒక గుమాస్తా, సరుకు బొంబాయి దోవ పట్టిందని, బేళ్లమీద యుగోస్లావియా అని రాసి ఉండెనని చెప్పినాడు. ఆ ఏడు మొదలు 'యుగోస్లావియా పుల్లమ్మా రా' అని పిలవడమే. మొదట్లో కాకి వచ్చేదంట. తర్వాత, రేడియోలో ఆ దేశంలో యుద్ధం అని విన్న కాలం నుంచి, ఆమె ఆకు ముట్టలేదు. లక్ష్మన్న కూడా పోయినాడు. ఆయన ఆకు మీదికి మాత్రం కాకి పిలవకముందే వాలుతుందంట.

"ఆమెను కాల్తాన్న ఇంట్లో వదిలినట్టుంది," అన్నాడు బసవన్న. "యాడుందో చెప్పన్నా. దావ తెలీక తిరుగుతాందేమో."

మరుసటి పొద్దున మిద్దెమీద ఆకులు వేసినారు. నేను పటం పరిచి పేర్లు చదివినాను. స్లొవేనియా, క్రొయేషియా, బోస్నియా, సెర్బియా, మాంటెనీగ్రో, మాసిడోనియా. రాజులు పోగేసిన దేశం, రాజుల తర్వాత పార్టీ నిలబెట్టిన దేశం. ఆ చరిత్రంతా నాకు నోటికొచ్చు, ఆ పొద్దు ఒక్క ముక్కకూ అక్కర పడలేదు. ఒక్కొక్క పేరుతో ఆయన పిలిచినాడు. గోడమీద కాకులు కూర్చునే ఉన్నాయి. మెడలు తిప్పి చూసినాయే గాని, ఒక్కటీ కదలలేదు. చాలు, లోపలికి రా మామా, అని నాగవేణి మెల్లగా అనింది.

బసవన్న పటం మీదికి వంగి, సెర్బియా అడుగున వేలు పెట్టినాడు. "అన్ని దేశాలకూ నిండు గీత ఉంది. దీనికి చుక్కల గీత ఎందుకు?"

"అది కొసొవో. దేశమని కొందరంటారు, కాదని కొందరంటారు. మన ఢిల్లీ ఇంతవరకూ ఒప్పుకోలేదు."

"అంటే ఉంది. లేదు."

"అంతే."

ఆయన వేలు ఆ చుక్కల వెంబడి ఒక చుట్టు తిరిగి వచ్చింది.

"అయితే ఆమె ఆడనే ఉంటాది," అన్నాడు.

లేచి నిలబడి, నోరు తిరగని ఆ పేరును తడుముకుంటా, కొసొవో పుల్లమ్మా రా, అని పిలిచినాడు. గోడమీది కాకులన్నీ ఒక్కసారిగా లేచి పోయినాయి. ఒక్కటి మిగిలింది. అది నడుచుకుంటా వచ్చి, ఆకు మీద ముద్ద ముట్టింది.

నాగవేణి కొంగుతో కండ్లు ఒత్తుకునింది. బసవన్న ముఖంలో నేను అనుకున్న నెమ్మది కనపడలేదు.

"లేదన్న దేశం నుంచి ఇంటికి ఎవరు పంపిస్తారన్నా?" అన్నాడు.

కిందికి దిగి పటం అడిగి తీసుకున్నాడు. ఎమ్మిగనూరు యాడుంటాదో నాతో చుక్క పెట్టించినాడు. ఆ చుక్క చుక్కలగీత మీదికి వచ్చేటట్టు పటాన్ని మడిచినాడు. తుర్కీ, ఇరాకు, ఇరాను, అరేబియా సముద్రం అంతా మడత లోపలికి పోయినాయి. సూదితో రెండు చోట్లనూ కలిపి గుచ్చి, మగ్గం కొసల్లోంచి ఒక పోగును ఆ చిల్లిలోకి దూర్చినాడు. ఆ పోగును కొయ్యలేదు. వేళ్లకు బూడిద అద్దుకుని, అవతలికి వచ్చిన కొసను ఆ పోగుకే మెలిపెట్టి, పోగు వదులుగా వేలాడేటట్టు పటాన్ని మగ్గం పక్క మేకుకు తగిలించినాడు.

సాయంత్రం నేను సంచి తీసుకుంటాంటే ఆయన పిలిచి చూపించినాడు. వదులుగా ఉన్న పోగు బిగిసి ఉంది. నూలు గదా, గాలిలో చెమ్మకు గుంజుకుపోయి ఉంటుంది, అన్నాను.

"ఆ కొస నుంచి ఆమె లాగింది," అన్నాడు బసవన్న. పోగును రెండు వేళ్లతో పట్టుకుని మగ్గం గుంతలోకి దిగి కూర్చున్నాడు. నేను గడప దాటేదాకా వదల్లేదు.