ఏడుగురు పెరిగిన తొట్టిల

మొన్న కొత్త తలుపుకు రంగు పట్టిస్తావుంటే, తెల్ల కొయ్య దాహమేసినట్లు రంగును తాగేసింది. నాకు మా నాయన గుర్తుకొచ్చినాడు.

అప్పుడు నాకు ఎనిమిదేండ్లు. అమ్మకు నెలలు నిండినాయి. నా తర్వాత ఇద్దరు బిడ్డలు పుట్టి దక్కలేదు. అట్లాంటి ఇంట్లో బిడ్డను పండబెట్టి ఊపేదానికి కొత్త తొట్టిల వాడరు. బిడ్డలు బాగా పెరిగిన ఇంటినుంచి పాతది అడిగి తెస్తారు. వడ్రంగి పని చేసే నాయన, ఉద్దనపల్లి నుంచి తెస్తానని అమ్మకు చెప్పినాడు.

నాకెందుకో నమ్మకం కుదరలేదు. కొట్టం తలుపు తోసి చూసినాను. ఆకువక్కలో వేసుకునే కాచును ఉడకబెట్టి, ఆ ఎర్రనీళ్లు తెల్లటి తొట్టిలకు గుడ్డతో రుద్దతావున్నాడు. ఎవరిదో దొంగిలించి, గుర్తు తెలీకుండా చేస్తున్నాడనుకున్నాను.

"యాడిది నాయనా ఇది?"

"ఉద్దనపల్లిదమ్మా. ఏడుగురు పెరిగినారు దీంట్లో," అన్నాడు, నా మొగం చూడకుండా.

తమ్ముడు పుట్టినాడు. తొట్టిల్లో వేసిన మూడోనాడు, కింద పరిచిన తెల్లగుడ్డకు ఎర్రటి మరక అంటింది. అమ్మ దాన్ని వాసన చూసింది. తొట్టిల పలకను వేలితో రుద్ది చూసింది. దొంగతనం బయటపడిందనుకున్నాను. అమ్మ మాత్రం నాయన వచ్చేలోపల గుడ్డ ఉతికి ఆరేసింది.

సాయంత్రం పక్కింటామె అడిగితే, "ఉద్దనపల్లిదమ్మా. ఏడుగురు పెరిగినారంట," అని చెప్పింది.

బిడ్డలు దక్కని ఇంటికి తొట్టిల ఇయ్యడానికి ఎవరూ ఒప్పుకోలేదని, నాయనే చేసినాడని, నేను తల్లినైనాకే అర్థమైంది. దాంట్లో పెరిగిన మొదటి బిడ్డ మా తమ్ముడే. ఆ సంగతి అమ్మకు, నాయనకు, నాకు, మా ముగ్గురికీ తెలుసు. ఎవరం ఎవరికీ చెప్పుకోలేదు.