మూట నోటిలో పాత రాగులు

"చెయ్యి ఇట్ల ఇయ్యి సౌమ్యా. బిగబట్టొద్దు, వదులుగా పెట్టు. ఆఁ... ఇప్పుడు చెప్పు, నేనెంత అన్నాను?"

తువ్వాలు కింద భాగీరథమ్మ వేళ్ళు సౌమ్య వేళ్ళను మూడింటిని కలిపి పట్టుకున్నాయి. చిటికెన వేలి గణుపు మీద ఒక నొక్కు పడింది.

"మూడా అవ్వా?"

"మూడున్నర! ఆ నొక్కు ఉండాదే, అదే అర. మండీ బేరంలో మా నాయన ఎప్పుడూ ఆ అర కాడనే ఓడిపోయేవాడు."

భాగీరథమ్మ పకపకా నవ్వింది. డెబ్బై దగ్గర పడిన మనిషి, ట్రాక్టరు ట్రాలీలో తన ఇరవై రాగి మూటల మీద కాళ్ళు చాపుకొని కూర్చుంది. బెంగళూరు పక్కన, ఆనేకల్ వైపు సర్కారు రాగులు కొనే కేంద్రం అది. ముందు రెండు ట్రాక్టర్లున్నాయి. కొనడానికి ఇదే చివరి రోజు, సాయంత్రం ఐదింటికి గేటు మూసేస్తారు. గేటు మీద కన్నడంలో 'బెంబల బెలె', అంటే మద్దతు ధర అని, దాని కింద ఈ ఏటి ధర, బారెడేసి అక్షరాలు. ఆమె ఆ బోర్డు వైపు చూసినప్పుడల్లా పెళ్ళికూతురిని చూసినట్టు చూస్తోంది.

సౌమ్యకు జిగణిలో చిన్న ఆన్‌లైన్ అంగడి ఉంది. పహణీలు, ఆధార్లు, రైతుల పేర్ల నమోదు, అన్నీ అక్కడే. భాగీరథమ్మ పేరు ఎక్కించడానికి మూడుసార్లు సర్వర్ మొరాయిస్తే ఆ మూడుసార్లూ ఆమె చెప్పే కబుర్లు వింటూ కూర్చుంది. ఆ కబుర్లు రుచి మరిగే ఈ రోజు అంగడికి తాళం వేసి వెంట వచ్చింది.

"మరి పక్కనున్న రైతుకి ఎంతిచ్చారో మీ నాయన అడిగేవాడు కాదా?"

"అడిగితే మర్యాద కాదంట! బెంగళూరు పేటలో మండీ. నాకు తొమ్మిదేళ్ళు, ఎద్దులబండి మీద పోతిమి. సావుకారు గుడ్డ కప్పె, ఇద్దరూ చేతులు పట్టుకునిరి. నాయన మొగం చూస్తా ఉంటి. ముందు ఎర్రబడె, తర్వాత నల్లబడె. ధర ఆ ఇద్దరికే తెలుసు, దేవుడికి కూడా తెలీదు. తిరిగొచ్చేటప్పుడు నా చేతిలో వేళ్ళు నొక్కి నేర్పించె. నేర్చుకున్నాక నాకొక సంగతి తెలిసె. నాయనకు లెక్క రాక కాదు, కాదనడం రాక ఓడిపోతా ఉండాడని."

ఆ తర్వాత సర్కారు తువ్వాలు తీయించింది. కంచె వేసిన మార్కెట్ యార్డులు, పెద్ద తక్కెడలు, అందరి ముందూ అరిచి పాడే వేలం. భాగీరథమ్మ కొత్తగా కాపురానికొచ్చిన రోజులు. భర్త వెంకటరమణతో కలిసి మొదటిసారి వేలానికి పోయినప్పుడు తిరునాళ్ళకు పోయినట్టే ఉందట.

"ఏం అరుపులు, ఏం కేకలు! మావి ఎంతకు పోతాయా అని నా గుండె దడదడ. తీరా చూస్తే నలుగురు సావుకార్లూ ఒకే ధర కాడ నిలబడిపోయిరి. పొద్దున్నే ఒకే హోటల్లో కాఫీ తాగొచ్చినారు కదా! ఇంకొన్నాళ్ళకు రేడియోలో మద్దతు ధర చెప్పిరి. మా ఆయన మండీలో ఆ ధర అడిగితే, అట్లయితే పోయి ఆ రేడియోకే అమ్ముకో పో అనిరి."

సౌమ్య పడీ పడీ నవ్వింది. "మరేం చేశారు?"

"ఏం చేస్తాం? మూటలు తిరిగి తెచ్చి దొడ్లో పాతరలో పోసి, మీద రాయి పెట్టి మన్ను కప్పితిమి. రాగులు రెండేళ్ళున్నా చెడవు. ధర లేచినప్పుడు తవ్వి తీసేది. ఆ పాతరే మా సర్కారు తల్లీ! ఇప్పుడు పాతర లేదు, దాని మీద కొడుకు బాడుగ ఇండ్లు కట్టినాడు. పాత రాగులకు నీలం డ్రమ్ము ఒకటి పెట్టుకున్నా."

ఆ కొడుకు మంజునాథ్‌తోనే ఆమెకు పందెం. ఎకరంన్నర చేను చుట్టూ ఫ్యాక్టరీ గోడలు లేచాయి. లారీలు నిలుపుకోవడానికి ఇమ్మని కంపెనీవాళ్ళు నెలనెలా వస్తున్నారు. "రాగులకు బోర్డు మీది ధర వస్తే చేను నీది, రాకపోతే లారీలది. సంతకం పెట్టాల" అన్నాడు కొడుకు. భాగీరథమ్మ సరేనంది. బయట కొనే వ్యాపారి క్వింటాలుకు వెయ్యి పైగా తక్కువ ఇస్తున్నాడు.

అంతలో ముందున్న ట్రాక్టరు చర్రున వెనక్కి తిరిగింది. పక్క ఊరి సొన్నప్ప, ఎనిమిది మూటలు. మొహం కందగడ్డలా ఉంది.

"ఏమప్పా సొన్నప్పా, ఏమాయె?"

"నా రాగులు చెడ్డవంట! నువ్వు చెప్తావే, మనం రేడియోకే అమ్ముకోవాల భాగీరథక్కా! మలుపు కాడ వ్యాపారి లారీ ఉండాది, పోతా."

ఆమె ఇంకేదో అడిగేలోపే దుమ్ము రేపుకుంటూ పోయాడు.

భాగీరథమ్మ వంతు వచ్చేసరికి నాలుగు కావడానికి పది నిమిషాలుంది. నాణ్యత చూసే హరీశ్ కుర్రవాడే కానీ కళ్ళు మాత్రం డేగవి. బోలుగా ఉన్న ఇనుప సూదిని మూట నోటి దగ్గర గుచ్చి లాగి, అరచేతిలో గింజలు ఒంపుకున్నాడు. ఎర్రటి కొత్త రాగుల్లో మసకబారిన గింజలు కనిపించాయి.

"అవ్వా, పాతవి కలిసుండాయే. ఈ ఏటి పంటే తీసుకోవాల, రూల్సు."

"ఉండవా మరి? నేనే కదప్పా పోసింది!" అంది భాగీరథమ్మ గర్వంగా.

హమాలీలు గొల్లున నవ్వారు.

"కల్తీ చేసి మళ్ళీ నాతోనే చెప్తావా?"

"కల్తీ ఏందప్పా! ఇల్లు దాటే మూట ఒంటరిగా పోకూడదు. నోరు కట్టేముందు పాత రాగులు ఒక దోసెడు పైన పోయాల. మా అత్త పోసె, వాళ్ళత్త పోసె. గాదె ఒట్టిపోకుండా ఉండేదానికి."

హరీశ్ పెన్ను తీశాడు. కాగితం మీద అది ఆనిందంటే చేనులో లారీలే. భాగీరథమ్మ ట్రాలీ మీదినుంచి దిగి నేరుగా అతని ఎదుట నిలబడింది. గొంతు పెంచలేదు.

"అప్పా, నోట్లో చూసి కడుపులో ఏముండాదో రాస్తావా? నడిమిన గుచ్చు, అడుగున గుచ్చు. ఒక్క పాత గింజ వస్తే నేనే బండి తిప్పుకొని పోతా, నువ్వు రాసే పన్లే."

పెన్ను ఆగింది. హరీశ్ మూట అడుగున గుచ్చాడు. ఎర్రగా నిగనిగలాడే గింజలు! ఇంకో మూట, మరో మూట. అన్నీ అంతే. అతని పెదవి చివర నవ్వు మొలిచింది.

"సరే. పైది తీసేసి జల్లించి తీసుకురా. ఐదుకు మాత్రం గేటు మూసేస్తా."

ఇంక చూడాలి! భాగీరథమ్మ చీర కొంగు బిగించింది. ఇందాక నవ్విన హమాలీలే మూటల నోళ్ళు విప్పారు. సౌమ్య రెండు చేతులా పైపొర తోడి తువ్వాలులో పోసింది. "ఇంకా లోతుకు! ఆఁ, చాలు! తర్వాతది!" అంటూ భాగీరథమ్మ కేంద్రం వాళ్ళ జల్లెడ ఆడిస్తుంటే పొట్టు ఎగిరి అందరి తలలూ నెరిశాయి. వెనక ట్రాక్టరు డ్రైవరు హారన్ కొట్టీ కొట్టీ, చివరికి తనే దిగి సాయం పట్టాడు. పద్నాలుగు, పదిహేడు, ఇరవై! మళ్ళీ సూది, మళ్ళీ అరచెయ్యి. హరీశ్ తలూపాడు. మూటలు కాటా ఎక్కాయి.

రసీదు చేతికొచ్చేసరికి నాలుగూ ముప్పై ఐదు. భాగీరథమ్మ చదవలేదు, సౌమ్య చేత చదివించింది. బోర్డు మీది ధర, అర కూడా తగ్గలేదు. వెంటనే కొడుక్కి ఫోను చేసింది. "మంజూ, లారీలోళ్ళకు చెప్పు, వేరే తావు చూసుకోమను!" అని మాత్రం అరిచి పెట్టేసింది.

నవ్వుతున్నదల్లా ఉన్నట్టుండి ఆగింది.

"హరీశప్పా, సొన్నప్ప మూటలు యాల తిప్పి పంపితివి?"

"అవీ ఇంతే అవ్వా, పాతవి ఉండె. ఆయన ఒక్క మాటా చెప్పకుండా కోపంగా పోయె."

"అయ్యో! వాళ్ళ ఇంట్లోనూ దోసెడు పోస్తారప్పా! వస్తే చూస్తావా?"

"ఐదులోపల వస్తే చూస్తా."

భాగీరథమ్మ పాత రాగుల తువ్వాలును గబగబా మూటగట్టి సౌమ్య చేతిలో పెట్టింది.

"పరుగెత్తు నా తల్లీ! మలుపు కాడ ఉండాడు, ఇంకా బేరమాడతా ఉంటాడు. ఈ తువ్వాలు విప్పి చూపించు, ఇవి నా మూటల నోటివని చెప్పు. ఎనిమిదే కదా, నోళ్ళు విప్పుకొని రమ్మను. లారీలోకి ఒక్క మూట కూడా ఎక్కనియ్యొద్దు, పో!"