నన్నిచ్చి తెచ్చుకున్న వల

సెల్‌ఫోన్లు అప్పుడప్పుడే చొక్కా జేబుల్లోకి చేరుతున్న ఆ రోజుల్లో, తమ విలువ ఎంతో ఎవరికి వారు ఊహించుకోవడమే తప్ప కచ్చితంగా తెలుసుకునే వీలుండేది కాదు. నాకు మాత్రం తెలిసింది. ఒక చేపల వల. పోనీ కొత్తదా అంటే అదీ కాదు, వాడేసి మూల పడేసింది. తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

అప్పట్లో తాడేపల్లిగూడెంలో పగలు రైస్‌మిల్లు ఆఫీసులో గుమాస్తాని, సాయంత్రం మా పేట ఫుట్‌బాల్ జట్టులో రైట్ వింగ్‌ని. పరుగు బాగానే ఉండేది, గోలే పడేది కాదు. (బంతి నా మాట వినేది కాదు, అందులో నా తప్పేముంది?) జట్టు కెప్టెనూ, గోల్‌కీపరూ మా సొంత బాబాయి. మా గోలుస్తంభాలకి వల లేదు. అందుకని ప్రతి గోలూ ఒక పంచాయితీ. బంతి లోపల్నుంచి వెళ్లిందని ఒకరు, పక్కనుంచి వెళ్లిందని ఇంకొకరు, ఆటకంటే అరుపులే ఎక్కువసేపు సాగేవి. సరిగ్గా అప్పుడే గుండుగొలను జట్టుకి బాగా పరిగెత్తేవాడు కావలసి వచ్చాడు. ఆ జట్టు పెద్దకి కొల్లేరు వైపు చేపల చెరువులున్నాయి, మూలపడేసిన పెద్ద వలొకటి ఉంది. ఆయనా బాబాయీ భీమడోలు స్టేషన్లో టీ తాగుతూ మాట్లాడేసుకున్నారు. నన్ను ఒక్క మాట అడిగినవాళ్లు లేరు.

"నన్ను వలకి ఇచ్చేశారా బాబాయ్?" అన్నాను.

"ఇచ్చెయ్యడమేంట్రా, మార్చుకున్నాం. నువ్వెక్కడున్నా మావాడివే. వల అలా కాదు కదా," అన్నారు.

గోళ్లు గిల్లుకుంటున్న నన్ను చూసి జాలిపడి పిన్ని, గోలు కొట్టేవాణ్ణయితే ఇవ్వరు కదా నాన్నా అంది. ఓదార్పట అది! ఆ క్షణమే నిశ్చయించుకున్నాను, జీవితంలో ఒక్క గోలంటూ కొడితే బాబాయి మీదే కొట్టాలి, అదీ ఆ వలలోనే పడాలి.

ఆ అవకాశం గుండుగొలను తరఫున ఆడటానికి వెళ్లినప్పుడు మా గూడెం గ్రౌండులోనే వచ్చింది. ఎంత ఉతికినా వలకి చేపల కంపు పోలేదట, ఆ వాసనకి పేటలో కుక్కలన్నీ చేరి మూలలు కొరికేశాయి. బాబాయి పురికొసతో అన్నీ కట్టి, ఎడమ మూల కన్నాన్ని వదిలేశారు. ఆట ముగియబోతుండగా బంతి నా కాలికి దొరికింది. మొదటిసారి చెప్పిన మాట వింది. బాబాయి చేతికింద నుంచి దూసుకుపోయి, ఆ ఎడమ మూల కన్నంలోంచే దూరి, వెనకున్న పంటబోదె నీళ్లలో పడింది. చేతులెత్తి గంతులేస్తున్న నన్ను ఆపి, రిఫరీ బంతి పక్కకు పోయిందన్నారు. ఆయన ఒక స్కూల్లో డ్రిల్లు మాస్టారు, మడమ నొప్పితో మధ్యగీత దాటి రాని మనిషి. నేను కన్నం చూపించాను, అందులో తల దూర్చి మరీ చూపించాను.

"వల కదల్లేదండి. కదలని వలకి గోలెలా ఇస్తామండీ?" అన్నారాయన శాంతంగా.

గోలు పంచాయితీలు ఉండకూడదనే కదా నన్నిచ్చి ఆ వల తెచ్చుకున్నది! దిక్కుతోచక బాబాయి వైపు తిరిగాను. ప్రతి ఆదివారం చర్చిలో బైబిలు పాఠం చదివే మనిషి, అబద్ధమాడరు. మీరే చెప్పండి బాబాయ్ అన్నాను. ఆయన గ్లౌజులు సర్దుకున్నారు.

"నేను బంతిని చూళ్లేదురా. పరిగెత్తుకొస్తున్న నిన్నే చూస్తున్నాను," అన్నారు.

దీన్నేమనాలి? అబద్ధమని తిట్టడానికీ లేదు, సాక్ష్యమని పట్టుకోవడానికీ లేదు. మ్యాచ్ డ్రా అయింది. తరవాత పెళ్లి, ఏలూరుకి మకాం, ఒక్క గోలూ లేకుండానే నా ఆట ముగిసిపోయింది.

మొన్న ఒక పెళ్లివిందులో బాబాయి నన్నెవరికో పరిచయం చేస్తూ, "మా అన్నయ్యగారబ్బాయండి. నా మీద గోలు కొట్టాడండి," అన్నారు గొప్పగా.

"అయితే అది గోలేనా బాబాయ్?"

"గోలేరా. నా చేతికిందనుంచే కదా వెళ్లింది."

ఇన్నేళ్లకా చెప్పేది? కడిగెయ్యాలనే నోరు తెరిచాను. ఈలోగా, జుట్టు పలచబడి పొట్ట వచ్చిన నాకు, ఆనాటిలాగే చేతులు రెండూ వాటంతటవే పైకి లేచాయి, పళ్లెంలో బిర్యానీ అంతా కొత్త చొక్కా మీద పడింది.