ఎనభై మెట్లు

ముందే ఒప్పేసుకుంటున్నాను. ఉన్నదున్నట్టు చెప్పడం నాకు చేతకాదు. కువైట్‌లో, రుమైథియా అనే పేటలో నేను కారు నడిపే ఇంటి గేటు రెండు బండ్లు పట్టేంత ఉంటే, విమానం దూరిపోయేంత ఉంటుందని మా ఇంటిదానికి ఫోనులో చెప్పాను. ఒకసారి దుమ్ముగాలి వచ్చినప్పుడు ఒంటె ఒకటి ఎగిరొచ్చి మా మేడ మీద పడిందని చెప్పి, ఆ తర్వాత మూడు నెలలపాటు దాని మేతకు ఎంత తంటా పడుతున్నామో కూడా చెబుతూ వచ్చాను. అందుచేత ఇందులో అంకె కనపడిన చోటల్లా చదివేవాళ్ళు కొంత కోసుకుని తీసుకోవాలి. ఎక్కడ కొయ్యకూడదో, ఏది మొత్తంగా తీసి పారెయ్యాలో చివర నేనే చెబుతాను.

మొన్న శుక్రవారం బండి కడుగుతూ వెనక సీటు కింద చెయ్యి పెడితే, కువైట్ ఎడారిలో సగం ఇసుకతో పాటు ఖర్జూరం గింజలు, పిల్లల మేజోడు ఒకటి, అరచేతిలో ఇమిడే నల్ల డబ్బీ ఒకటి వచ్చాయి. డబ్బీకి చెవికి తగిలించుకునే తీగ ఉంది. ఎండలో నిలబడి చాలాసేపు దాన్ని చూస్తూ ఉండిపోయాను. బండి మీద సబ్బు నురగ ఎండి చారలు కట్టేసింది. పాత ఊళ్ళు చూపించే గైడు ఎక్కడో ముందు నడుస్తూ మైకులో మాట్లాడితే మన చెవిలో వినిపించే యంత్రమది. బస్సు దిగేటప్పుడు తిరిగి ఇచ్చెయ్యాలి. ఆ రోజు మేం ఇవ్వలేదు, మమ్మల్ని అడిగే ధైర్యం కూడా ఎవరికీ రాలేదు. బ్యాటరీ ఎప్పుడో చచ్చిపోయి ఉంటుందని తెలిసీ చెవికి పెట్టుకున్నాను. మనిషికి బుద్ధి లేదనడానికి వేరే రుజువు అక్కరలేదు.

ఎనిమిదేళ్ళ కిందటి మాట. మా ఇంటి పెద్ద మామాని వాళ్ళ పెద్దబ్బాయి, అంటే మా యజమాని, స్పెయిన్ తీసుకువెళ్ళాడు. కువైట్‌లో ఇంటి యజమానురాలిని మామా అంటాం. చేరిన కొత్తలో ఆ పిలుపు నా నోటికి రాలేదు, మీసాలు లేని మామ నాకు అంతవరకు ఎవరూ లేరు. పెద్ద మామా అంటే యజమాని తల్లి. షుగరు ఆమె కళ్ళని దాదాపు తినేసింది, కాళ్ళని చక్రాల కుర్చీకి అప్పగించింది. చెవులు కూడా అంతంత మాత్రమే, కానీ ఒక్క గొంతు మాత్రం ఎంత మెల్లగా పలికినా వినపడేది. అది అక్క గొంతు. అక్క అంటే నాకు తోడబుట్టింది కాదు, అన్నమయ్య జిల్లాలో మా ఊరికి రెండు ఊళ్ళ అవతలి మనిషి. నేను డ్రైవరుగా చేరేనాటికే ఆ ఇంట్లో పనికి కుదిరి పదేళ్ళయింది. పెద్ద మామాకి అన్నం కలిపేది, మందులిచ్చేది, జడ అల్లేది, కోపమొస్తే తిట్లు తినేది, ఎక్కువైతే తిరిగి తిట్టేది కూడా ఆమే. కొత్త పెళ్ళికూతురిగా మొగుడితో వెళ్ళిన ఊళ్ళో నీళ్ళు చిమ్మే రాతి తొట్టి ఒకటి ఉండేదని, పోయేలోపల ఇంకొక్కసారి దాంట్లో చెయ్యి పెట్టాలని పెద్ద మామా పోరు పెట్టింది. ఆమెను చూసుకోవడానికి అక్క, కుర్చీ తొయ్యడానికి నేను. అట్లా మా ఇద్దరి ఇఖామాలకి, అంటే కువైట్‌లో ఉండనిచ్చే కార్డులకి, యూరప్ గాలి తగిలింది.

వెళ్ళిన రోజు సాయంత్రం సముద్రం ఒడ్డున అక్క నా చేత ఒక ఫోటో తీయించుకుంది. పెద్ద మామావి నల్లకళ్ళద్దాలు తను పెట్టుకుని, ఆమె శాలువా కప్పుకుని, నడుము మీద చెయ్యి వేసుకుని నిలబడింది.

“మా యమ్మ నేను ఈడ అంట్లు తోముకుంటాండానని దినామూ ఏడుస్తాది తమ్ముడా. దీన్ని చూసి ఒగ పూటన్నా ఏడుపు మానుతాదేమో” అంటూ ఊళ్ళో ఉన్న తమ్ముడి ఫోనుకి పంపింది. అప్పటికి మన దగ్గర అర్ధరాత్రి దాటింది.

మర్నాడు పొద్దున్నే బస్సు. ఒక్క రోజులో రెండు పాత ఊళ్ళు చూపించి సాయంత్రానికి తిరిగి తెచ్చి దించుతారు. ఎక్కగానే తలకో డబ్బీ చొప్పున మా ఇద్దరి చేతుల్లో కూడా పెట్టారు. గైడు పొడుగాటి ఆడమనిషి, ఆకుపచ్చ గొడుగు ఎత్తి పట్టుకుని ఇంగ్లీషులో గడగడా చెప్పేది. యజమాని పిల్లలని పదేళ్ళు ఇంగ్లీషు బడికి తిప్పిన ఇంగ్లీషు నాది. నాకు అర్థమయింది తెలుగులో అక్కకి చెప్పేవాణ్ణి, అక్క దాన్ని అరబ్బీలో పెద్ద మామా చెవిలో వేసేది. మొదటి ఊరు కొండ మీద సున్నం కొట్టిన తెల్లటి ఇళ్ళతో ఆరబెట్టిన పంచెల్లాగా మెరిసిపోతోంది. గైడు ఆ కోటగోడకి ఎనిమిది వందల ఏళ్ళంది. నేను అక్కకి ఎనిమిది వేలన్నాను. ఆ గోడలో పూడ్చిన రాణి ఒకతె ఇప్పటికీ తుమ్ముతుందని కూడా చేర్చాను. అక్క పెద్ద మామాకి నాలుగు వేలని చెప్పింది. సగం తీసేసి చెప్పడం ఆమె పద్ధతి. నేను ఏం చెప్పినా తాలు చెరిగినట్టు చెరిగి, సగమే లోపలికి తీసుకునేది.

పెద్ద మామా కుర్చీలోంచి తల తిప్పి, “ఇది డ్రైవర్ చెప్పాడా?” అంది.

“అవును మామా.”

“అయితే ఇంకో సగం తియ్యి.”

ముగ్గురం నవ్వుకున్నాం. ఆ నవ్వు అయిపోకముందే నా జేబులో ఫోను మోగింది.

మా వైపు వాళ్ళకి ఒక పద్ధతుంది. ఊళ్ళో ఎవరైనా పోతే ఆ కబురు కువైట్‌లో ఉన్న సొంత మనిషికి నేరుగా చెప్పరు. పక్క ఊరివాడికో, ఒకే ఇంట్లో పనిచేసేవాడికో ఫోను చేస్తారు. వాడు మొదటి రోజు ఒంట్లో బాగలేదంట అంటాడు. రెండో రోజు ఆస్పత్రిలో చేర్చినారంట అంటాడు. మూడో రోజు సీరియస్ అంటాడు. అప్పటికి వినేవాళ్ళే మెల్లగా నేల మీద కూర్చుంటారు, ఇంక చెప్పాల్సింది మిగలదు. మాటకారినని ఆ పని నాకే అప్పగించేవాళ్ళు. రుమైథియా నుంచి బ్నీద్ అల్ గార్ దాకా నేను మోసిన చావు కబుర్లు అన్నీ కలిపితే ఒక శ్మశానానికి సరిపోతాయి. ఇది కొయ్యనక్కరలేదు.

ఫోనులో అక్క తమ్ముడు. “అన్నా, అమ్మ పోయింది. తెల్లారుజామున ఎద్దులకి మేత వేసేదానికి లేసి, ఆడ్నే కూలబడింది.”

నేను గొడుగు వైపు చూస్తూ ఊఁ అన్నాను.

“నాలుగ్గంటలకి ఎత్తుతాండాం. అక్కకి చెప్పేదుంటే అంతలోపలే చెప్పు, వీడియోలో మొగమన్నా చూసుకుంటాది. వద్దనుకుంటే కువైట్‌కి పోయినాక చెప్పు. నీ ఇష్టమన్నా.”

మన నాలుగ్గంటలంటే అక్కడ పన్నెండున్నర. నా గడియారంలో పది దాటింది. మూడు రోజుల్లో దిగాల్సిన మెట్లు రెండు గంటల్లో దిగాలి. చెబితే, పరాయి దేశంలో, గుండ్రాళ్ళ వీధుల్లో, బీపీ ఉన్న మనిషి కూలబడితే ఎవరు పట్టుకుంటారు? పాస్‌పోర్టులు హోటల్లో యజమాని పెట్టెలో ఉన్నాయి, ఎంత ఏడ్చినా ఆమె ఆ నాలుగ్గంటలకి చేరలేదు. చెప్పకపోతే, తల్లి మొగం కడసారి చూసే ఆ కొద్ది నిమిషాలు నా చేతులతో నేను పాతిపెట్టినట్టే. ఎటు తిరిగినా పాపమే ఎదురవుతోంది. ఏ పాపం చిన్నదో తేల్చుకోలేక కుర్చీ తొయ్యడం ఒక్కటే చేశాను.

“ఎవురు ఫోను?” అంది అక్క.

“ఇంటినుంచి. గ్యాస్ అయిపోయిందంట.”

రెండో ఊరికి బస్సులో గంట ప్రయాణం. దారి పొడుగునా ఆలివ్ తోటలు, దువ్విన జుట్టులాగా వరసలు. గైడు ఏదో చెబుతూనే ఉంది, నేను చెప్పింది చెప్పినట్టు అక్కకి అందిస్తూ వచ్చాను. నూనె అంటే నూనె, చెట్టు వయసు రెండు వందలంటే రెండు వందలు. నాకు తెలియకుండానే నా నోట్లోంచి గాలి పోయింది. ఊళ్ళో దిగాక, పైన చర్చి ముందు పెద్ద మామా చెప్పిన రాతి తొట్టి ఉందని తెలిసింది. దానికి మెట్లెక్కాలి. పెద్దబ్బాయి, నేను చెరో పక్క కుర్చీ ఎత్తిపట్టుకుని ఎక్కుతున్నాం. అక్క వెనక నుంచి కుర్చీ వీపు పట్టుకుంది.

“ఎన్ని మెట్లంట తమ్ముడా?”

“ఎనభై.”

“నలభయ్యా” అంది అలవాటుగా. ఒక మెట్టు ఎక్కి, “నిజంగా ఎన్ని?” అంది.

“ఎనభయ్యే అక్కా. గైడు చెప్పింది.”

 పైకి చేరి కుర్చీ దింపాం. పెద్దబ్బాయి నీళ్ళ సీసాలు కొనడానికి అంగడి వైపు వెళ్ళాడు. నా గడియారంలో పన్నెండూ పది. అక్క కుర్చీకి బ్రేకు వేసి, పెద్ద మామా మోకాళ్ళ మీద శాలువా సర్ది, నా ముందు వచ్చి నిలబడి చెయ్యి చాపింది.

“ఫోను ఇయ్యి.”

“ఎందుకక్కా?”

“ఆ ఫోను వచ్చినకాడ్నుంచి నీ అంకెలు సరిగ్గా ఉండాయి. ఎనభై మెట్లని ఎనభయ్యే అన్నావు. పదేండ్లలో నువ్వు ఒగసారన్నా అట్ల చెప్పినావా?” ఆమె గొంతు కొంచెం కూడా పెరగలేదు. “ఎవురు? అమ్మేనా?”

నా దగ్గర మెట్లు లేవు. తల ఊపాను.

చర్చి గుమ్మం ముందు రాతి అరుగు మీద కూర్చుని ఆమె వీడియోలో తల్లిని చూసింది. మొగం మీద ఈగ వాలితే ఇక్కడినుంచి చేత్తో తోలింది. నేను ఇంక రాయలేను, రాయను. నా చెవిలో డబ్బీ మాత్రం ఆగకుండా మాట్లాడుతూనే ఉంది, ఏదో రాజు, ఏదో యుద్ధం, గోపురానికి ఎన్ని గంటలు. తీసి జేబులో పెట్టుకోవాలని కూడా తోచలేదు.

పెద్ద మామా గాలిలో చేతులాడిస్తూ, “శినూ? ఏమైంది?” అని అడుగుతోంది. అక్క లేచి వెళ్ళి ఆమె చెవి దగ్గర వంగింది.

“ఉమ్మీ ఖలాస్, మామా.”

అమ్మ అయిపోయింది. ఇరవై ఏళ్ళు అంట్ల దగ్గర, పొయ్యి దగ్గర నేర్చుకున్న అరబ్బీలో దానికి అంతకన్నా మాట లేదు. బియ్యం అయిపోయినా అదే మాట. పెద్ద మామా అక్క తలని తడుముకుని ఒళ్ళోకి లాక్కుంది. తర్వాత అక్క, శవాన్ని చూసినాక తలకి పోసుకోవాలని, నీళ్ళు కావాలని నాతో అంది. ఎక్కడ దొరుకుతాయి నీళ్ళు? నేను దిక్కులు చూస్తుంటే అక్కే అరబ్బీలో రెండు ముక్కలు చెప్పింది. పెద్ద మామా తన కుర్చీని ముందుకు తొయ్యమని సైగ చేసింది. రాతి తొట్టి అంచు దగ్గర అక్క మోకాళ్ళ మీద కూర్చుని తల వంచింది. కళ్ళు కనపడని ముసలమ్మ, మొగుడితో కలిసి తడిపిన చేతిని అరవై ఏళ్ళ తర్వాత మళ్ళీ అదే తొట్టిలో ముంచి, దోసిలితో మా అన్నమయ్య జిల్లా మనిషి నెత్తిన పోసింది. ఒక దోసిలి, రెండు, మూడు. చుట్టూ జనం ఫోటోలు తీశారు, అదేదో భారతదేశపు ఉత్సవమనుకుని ఉంటారు. గైడు గొడుగు దించేసింది. బస్సు మా కోసం అరగంట ఆగింది, ఒక్కరూ గడియారం చూడలేదు.

తిరుగు బస్సులో తడి కొంగుతో కిటికీ పక్కన కూర్చుని అక్క ఒక్క మాట అడిగింది. “నిన్న పంపిన ఫోటో చూసిందంటనా?”

“చూసిందక్కా. తెల్లారుజామున నిద్ర లేస్తానే నీ తమ్ముడు చూపించినాడంట. నా బిడ్డ దొరసాని మాదిరి ఉండాదే అని ఒకటే నవ్విందంట.”

అక్క కళ్ళు మూసుకుంది.

నిరుడు పెద్ద మామా పోయింది. అక్క పని ఖలాస్ చేసుకుని ఊరికి వెళ్ళిపోయింది. మొన్న డబ్బీ దొరికిన సాయంత్రం ఫోను చేశాను. ఎనుములు, వానలు, మోకాళ్ళ నొప్పులు అన్నీ అయ్యాక, “మా యమ్మ కడాన నవ్వింది సూడు తమ్ముడా, అది తలుసుకుంటే సాలు, నిద్ర పడతాది” అంది. నేను డబ్బీని గుప్పిట్లో నలుపుతూ ఊఁ కొట్టాను.

ఇంక నా మాట చెల్లించుకోవాలి. రాణి తుమ్ముల సంగతి తెలిసిందే. బస్సు ఆగింది అరగంట కాదు, పావుగంట. కానీ మొత్తంగా తీసి పారెయ్యాల్సింది ఒక్కటే. ఆ ఫోటోని తల్లి చూడలేదు. ఆ తెల్లవారుజామున తమ్ముడు ఫోను చూసుకోనే లేదు. ఆ నవ్వు నేను కల్పించింది. ఆ రాత్రే వాడికి ఫోను చేసి, నువ్వు కూడా ఇదే చెప్పు అన్నాను, వాడు అబద్ధమాడలేక ఏడిస్తే అక్క దాన్ని నిజమనుకుంది. పదేళ్ళు నేను చెప్పిన ప్రతిదాంట్లో సగం తీసేసిన మనిషి, ఆ ఒక్కదాన్ని మాత్రం గింజ కూడా చెరక్కుండా దాచుకుంది. ఎనిమిదేళ్ళయింది. ఎంత కోసుకున్నా, ఈ ఎనిమిది మాత్రం నాలుగు కావడం లేదు.