చుట్టాలు లేని దారి

శనివారం పొద్దున ఇబ్రహీంపట్నంలో మా ఇంటి వరండాలో ఉన్నవి: నేను, నా స్నేహితుడు, చిక్కుడుకాయల ఈనెలు తీస్తున్న మా అమ్మ, నా ల్యాప్‌టాప్, అతను సెకండ్ హ్యాండ్‌లో కొన్న కెమెరా, ఒక కాలికి సైకిల్ ట్యూబు చుట్టిన ట్రైపాడ్. తేలాల్సిన విషయం ఒకటే: మర్నాడు తెల్లవారేసరికి రాచకొండ కోటకు చేరడం ఎలా?

స్నేహితుడు బస్టాండు వెనక ఫొటో స్టూడియో పెడుతున్నాడు. సోమవారం షట్టర్ తీస్తాడు. బోర్డు మీదికి ఆదివారం సాయంత్రంలోగా ఫొటో ఇవ్వాలి. ఇవ్వకపోతే ఫ్లెక్సీ వేసేవాడు తన దగ్గర ఎప్పుడూ ఉండే బొమ్మను, గులాబీ పట్టుకున్న విదేశీ పాపను, వేసేస్తాడు. స్నేహితుడు ఇన్నేళ్ళూ వేరేవాళ్ళ స్టూడియోకు పెళ్ళి ఫొటోలు తీశాడు. ఆ స్టూడియో బోర్డు మీదా ఆ పాపే ఉంది. సొంత దుకాణానికి సొంత ఫొటో కావాలి: కోట రాతి దర్వాజ, దాని మీద తొలి ఎండ, ఇంకేమీ లేకుండా.

"పెండ్లిల్ల మందిని తీసి తీసి కండ్లు గుంజుతున్నయ్‌రా. ఒక్క మనిషి గూడ ఉండొద్దు," అన్నాడు.

ఎండ పడే కోణం, లెన్సు, బ్యాటరీలు నేను చూసుకున్నాను. దారి దగ్గర చిక్కు వచ్చింది. చుట్టాల ఊరి మీదుగా పోతూ వాళ్ళింట్లో కాలు పెట్టకపోవడం మా దగ్గర మామూలు తప్పు కాదు. కాలు పెడితే చాయ్ ఇస్తారు, చాయ్ అయ్యాక అన్నం తినిపోమంటారు. అంతలో ఎండ నడినెత్తికి వస్తుంది. మంచాల ఊరి మీదుగా పోతే మేనత్త ఉంది. అబ్దుల్లాపూర్‌మెట్ మీదుగా పోదామంటే పెద్దమ్మ ఇల్లు రోడ్డు పక్కనే. హెల్మెట్ పెట్టుకుంటే ఎవరు గుర్తుపడతారని అడిగాను.

"మీ చిన్నాయన గట్లనే పోయిండు. బండి సప్పుడు గుర్తువట్టింది మీ అత్త. రెండేండ్లు మాట్లాడలే," అంది అమ్మ, తల ఎత్తకుండానే.

ఇంజనీరింగ్ చదివినవాణ్ణి కాబట్టి దీన్ని లెక్కలాగే చూశాను. చుట్టాలున్న ఊళ్ళను మ్యాపులో ఎర్ర చుక్కలుగా పెట్టి, ఏ చుక్కా తగలని దారి వెతికే చిన్న ప్రోగ్రాం రాశాను. దారి దొరికింది. పొలాల మధ్య నుంచి, ఒక చెరువు కట్ట మీదుగా, కొంత మేర ఎడ్లబండి బాటలో పోతుంది. దూరం ఎక్కువే కానీ చుట్టాలు సున్నా.

స్నేహితుడు స్క్రీన్ మీద వేలు పెట్టి మెల్లగా జరిపాడు. "గీ మూలమలుపుకాడ మా అమ్మ చెల్లె, ఖాలా ఉంటది. గీడ మా పెద్ద మామ. గిది మా అక్క అత్తగారిల్లు."

నేను మా చుట్టాలను మాత్రమే లెక్కపెట్టాను. మా వాళ్ళు లేని ప్రతి ఊళ్ళోనూ అతని వాళ్ళున్నారు. వాళ్ళకు నీలం చుక్కలు పెట్టి మళ్ళీ నడిపిస్తే ప్రోగ్రాం కాలిబాట కూడా చూపించలేదు.

అమ్మ చిక్కుడుకాయల జల్లెడ పక్కన పెట్టింది. "ఇండ్లకు పోవుడెందుకురా? అందర్ని కోట గుట్టకే రమ్మంటే అయిపాయె."

నేను నిజాయితీగా సరిచూశాను. దారిలో ఆగాల్సిన ఇళ్ళు సున్నా, అలిగేవాళ్ళు సున్నా. తప్పు దొరకలేదు.

"దర్వాజల మనుషులు ఉండొద్దమ్మా," అన్నాడు స్నేహితుడు.

"జర పక్కకు నిలవడుతరు తియ్," అంటూ అమ్మ అప్పటికే పెద్దమ్మకు ఫోన్ కలిపింది. గుట్టకు పోతూ దావత్ లేకుండా ఎట్లా అని పెద్దమ్మ మేకను తెస్తానంది. రెండు ఇళ్ళవాళ్ళూ తినాలంటే హలాల్ కావాలి కాబట్టి కోసే పని స్నేహితుడి పెద్ద మామకు అప్పగించారు.

ఆదివారం తొలి ఎండ నేను లెక్కవేసిన కోణంలోనే దర్వాజ మీద పడింది. దర్వాజలో మా మేనత్త, అతని ఖాలా నిలబడి ఉన్నారు. నువ్వు ముందు నడువక్కా అని ఈమె, ఏ, నువ్వు నడువు అని ఆమె. ఇద్దరూ మర్యాదస్తులే, ఎవరూ కదలలేదు. వెనక వచ్చినవాళ్ళంతా అక్కడే ఆగిపోయారు. మేక మధ్యలో ఇరుక్కుంది. స్నేహితుడు దూరం నుంచి జరగమని చెయ్యి ఊపాడు. ఫొటో తీస్తున్నాడని వాళ్ళకు అర్థమైంది. పొడుగువాళ్ళు వెనక్కి పోయారు, పొట్టివాళ్ళు ముందుకొచ్చారు, కొంగులు సర్దుకున్నారు. ఎండ పల్చబడుతోంది. కాసేపట్లో మబ్బు కమ్మేసేలా ఉంది.

"తల జర పైకి, ఖాలా," అని అతని నోటి నుంచి అలవాటుగా వచ్చింది. నొక్కాడు. మబ్బు కమ్మింది.

దావత్ అయ్యేదాకా ఎండ మళ్ళీ అలా రాలేదు. అతను బండరాయి మీద కూర్చుని కెమెరాలో ఆ ఒక్క ఫొటోనే పెద్దది చేసి, ఒక్కో ముఖం జరుపుతూ చాలాసేపు చూశాడు.

"ఒక్కరు గూడ కండ్లు మూయలేదురా," అన్నాడు చివరికి. సాయంత్రం దాన్నే ఫ్లెక్సీకి ఇచ్చాడు.

సోమవారం షట్టర్ తీశాడు. బోర్డు మీద కింద అతని పేరుంది. పైన, మేకతో కలిపి, ఇరవై నాలుగు తలలు.