వాపుల పెనం

నా పెండ్లయిన కొత్తల మేము లాలాగూడ రైల్వే క్వార్టర్లల ఉంటుంటిమి. మామ, మా ఆయన ఇద్దరూ వర్క్‌షాపుకు పోతే ఇంట్ల నేను, మా అత్తమ్మ. ఎడమ పక్కింట్ల ఒక గార్డు పెండ్లాం ఉండె, ఆంగ్లో ఇండియన్ దొరసాని. ఆమె మోకాళ్ళకు మా అత్తమ్మ ఆముదం రాసి రుద్దేది. వాళ్ళు ఇల్లు ఖాళీ చేసి పోయే నాడు దొరసాని ఒక ఇనుప సామాను తెచ్చి అత్తమ్మ చేతుల పెట్టింది.

పట్టుకారు లెక్క రెండు పొడుగు కాడలు, వాటి కొనకు రెండు బరువైన పలకలు. తెరిస్తే లోపలంతా చదరపు గుంటలు. నిప్పుల మీద కాల్చి, పిండి పోసి, నోరు మూసి, ఇటోసారి అటోసారి తిప్పాలె. దొరసాని గుడ్లు, చక్కెర కలిపి ఒకటి చేసి చూపించింది. "వాఫల్" అన్నది. మా అత్తమ్మ నోట్ల అది "వాపులు" అయ్యింది.

"తియ్యటిది జరమొచ్చినోళ్ళు తింటరు," అనుకుంట, దొరసాని జట్కా సందు మలిగిందో లేదో, అత్తమ్మ దోసెల పిండి ముందల పెట్టుకున్నది. అండ్ల ఉల్లిగడ్డ, పచ్చిమిర్చి, జిలకర, కల్యామాకు వేసింది. మొదటిది పలకకు పట్టుకొని ఊడి రాలే. చాకుతోటి గీకి తీసినం. రెండోది మాత్రం ఎర్రగ, కరకరలాడుకుంట వచ్చింది. అసొంటివి రెండు చేసి, నడుమ ఆలుగడ్డ కూర పెట్టి, పైన పల్లీల చట్నీ పోస్తే గుంట గుంటకు ఇంత చట్నీ నిలిచింది.

మామ దాన్ని విప్పి లోపల చూసి, మళ్ళ ఎట్లున్నది అట్ల బిగించిండు. "ఆఫీసర్లు తినే సాండ్విచ్ గిదే. రొట్టె జాగల వాపులు పెట్టినవ్," అన్నడు. ఆయన నోట మెప్పు రావుడు నేను అదే మొదలు చూసుడు.

కుడి పక్కింట్ల ఒకామె ఉంటుండె, ఆపా అంటుంటిమి, అక్క అన్నట్టు. వాళ్ళు తురకోళ్ళు, ఇంట్ల మాట మాత్రం మా లెక్కనే తెలుగు. ఆమె భర్త బజార్ల టైలరు. ఆపా అండ్ల ఖీమా పెట్టేది. "ఆలుగడ్డ పెడితే పిల్లలు తినేది, ఖీమా పెడితే మనుషులు తినేది," అని ఆపా అంటే, "నీ ఖీమా నూనెకు నా గుంటలు నిండిపోతున్నయి," అని అత్తమ్మ లడాయి పెట్టుకునేది. పొద్దున మా ఇంట్ల, సాయంత్రం వాళ్ళింట్ల, పెనం మాత్రం ఆగకుండ తిరిగేది.

తర్వాత రోజులు ఖరాబైనయి. ముందుగాల రజాకార్ల భయం మాకు. ఆపా వచ్చి మమ్మల్ని వాళ్ళింట్ల దాచుకున్నది. పోయేటప్పుడు అత్తమ్మ వెండి గిన్నెలు ఇడిచిపెట్టి, పెనం గోనెసంచిల చుట్టుకొని సంకల పెట్టుకున్నది. "అత్తమ్మా, గిన్నెలు?" అన్న. "గిన్నెలు బజార్ల దొరుకుతయి. ఇది దొరుకుతదానే?" అన్నది.

కొన్నాళ్ళకు పోలీస్ యాక్షన్ అన్నరు. మీదికెల్లి విమానాలు పోయినయి, దుకాన్లు మూసిన్రు, మిలిటరీ వచ్చింది. మేము మా ఇంటికి మళ్ళినం, ఇప్పుడు భయం వాళ్ళకు. ఆపా పిల్లల్ని తీసుకొని మా లోపలి అర్రలకు వచ్చింది. ఆపా భర్త దుకాన్ల ఉండిపోయిండు, మా మొగోళ్ళు వర్క్‌షాపుల ఉండిపోయిన్రు.

ఒకనాడు పొద్దున సోదా చేయనీకి మిలిటరీ వాళ్ళు మా ఇంటికి వచ్చిన్రు. ఆయుధాలున్నయా అని బియ్యం డబ్బా దాక చూసిన్రు. మంచం కింద గోనెసంచి దొరికింది. విప్పినోడు కాడలు పట్టుకొని పెనం నోరు తెరిచి, గుంటలు చూసి, "సార్!" అని గట్టిగ అరిచిండు.

ఆఫీసరు ఉర్దూ మాట్లాడితే అత్తమ్మ జవాబు చెప్పేదే. ఆయన ఇంగ్లీషుల మొదలుపెట్టిండు. గుంటూరు దిక్కు సిపాయి ఒకడు నడుమ నిలబడి, "ఇదేంటండి అమ్మగారూ?" అని అడిగిండు.

"వాపులు బిడ్డా," అన్నది అత్తమ్మ.

అతను ఆఫీసరుకు ఏం చెప్పిండో గని, ఆఫీసరు వంగి మా అత్తమ్మ కాళ్ళ దిక్కు చూసిండు. మా ఖర్మకు ఆమె కాళ్ళు నిజంగనే జెర వాచి ఉండె. మందుల సంచి ఉన్న సిపాయిని పిలిచిన్రు. అతను కూసొని, అత్తమ్మ చీలమండ మీద వేలుతోటి ఒత్తిండు. అక్కడ గుంట పడ్డది. ఆఫీసరు ఆ గుంట చూసిండు, పెనంల గుంటలు చూసిండు.

"దీన్ని కాల్చి కాళ్ళకి పెడతారా అని అడుగుతున్నారండి," అన్నడు గుంటూరాయన.

"కాళ్ళకెందుకు పెడ్తరు బిడ్డా? నోట్ల పెట్టుకుంటరు."

ఆ మాట ఇంగ్లీషులకు మార్చినంక ఆఫీసరు పెనం ముక్కు కాడికి తెచ్చుకొని వాసన చూసిండు.

అత్తమ్మకు కోపం వచ్చింది. కుంపటి అంటించుమన్నది. తుపాకులు పట్టుకొని అంతమంది చుట్టూ నిలబడంగ నేను విసనకర్రతోటి బొగ్గులు రాజేసిన. మొదటిది ఎప్పటి తీరునే పట్టుకొని ఊడలే. అత్తమ్మ లాగితే సగం పైపలకకు, సగం కింది పలకకు పోయింది. "చూశారా, ఇది వండుకునేది కాదట," అన్నడు గుంటూరాయన, ఆఫీసరు మాట మాకు చెప్పుకుంట.

అప్పుడు లోపలి అర్రల నుంచి ఆపా గొంతు వినబడ్డది. "పెద్దమ్మా! నూనె మరిచినవ్! జెర ఉల్లిగడ్డ ముక్కతోటి రుద్దు!"

"లోపల ఎవరు?" అన్నరు.

"మా పెద్దకోడలు," అన్నది అత్తమ్మ, తల గూడ ఎత్తకుండ.

ఆపా ముసుగు కప్పుకొని బయటికి వచ్చింది. ఆ బట్టలు చూస్తే తురకామె అని ఎవ్వలకైనా సమజైతది. ఆమె ఎవ్వల దిక్కు చూడలే. కుంపటి కాడ కూసొని, అత్తమ్మ చేతుల పెనం గుంజుకొని, సగం ఉల్లిగడ్డ నూనెల ముంచి గుంట గుంటకు రుద్దింది. పిండి పోసి మూసింది, తిప్పింది, తెరిచింది. వాపు ఎర్రగ పళ్ళెంల పడ్డది.

ఇంకొకటి చేసి, నడుమ ఆలుగడ్డ కూర పెట్టి ఆఫీసరుకిచ్చిన్రు. ఆయన గుంటూరాయనకు సగం విరిచిచ్చి, మిగతాది నిలబడే తిన్నడు. నములుడు అయినంక ఏదో అన్నడు.

"ఇందులో మామిడికాయ పచ్చడుంటే బాగుంటుందంటున్నారండి," అన్నడు గుంటూరాయన.

"ఖీమా ఉంటే ఇంకా మంచిగుంటది," అన్నది ఆపా, ముసుగుల నుంచి.

"నీ యవ్వ, గిప్పుడు గూడ ఖీమానేనా!" అన్నది అత్తమ్మ.

పెద్దకోడలు ఎవ్వలని మళ్ళ ఎవ్వలు అడగలే. వాళ్ళు పోయినంక ఆపా కుంపటి కాడనే కూసొని మస్తుసేపు ఏడ్చింది. అత్తమ్మ ఆమె వీపు నిమురుకుంట, పలకకు పట్టిన మొదటి వాపు గీకుమని నాకు చేత్తోటి సైగ చేసింది.

అదే నాడు పగటీలి, బువ్వ యాళ్ళకు, ఇంకో జట్టు సోదాకు వచ్చింది. వచ్చినోళ్ళు డబ్బాలు తెరవలే, మంచం కింద వంగలే. సక్కగ కుంపటి దిక్కు చూసిన్రు. తెల్లారి గూడ వచ్చిన్రు, ఆ తెల్లారి గూడ. ఒకడు ఇంటి నుంచి తెచ్చుకున్న ఊరగాయ జాడీ సంకల పెట్టుకొని సోదాకు వచ్చిండు. లాలాగూడల మా ఇల్లు సోదా అయినన్ని సార్లు ఏ ఇల్లు కాలే. సందుల వాళ్ళు మమ్మల్ని చూసి తప్పుకొని నడిచిన్రు. మామ ఇంటికి వచ్చే తొవ్వల ముగ్గురు ఆపి అడిగిన్రట, "మీ ఇంట్ల ఏం దొరికింది?" అని.

"వాపులు," అని చెప్పి వచ్చిండు.

ఆపా భర్త గూడ దుకాన్ల నుంచి పానంతోటి వచ్చిండు. వాళ్ళు వాళ్ళింటికి పోయిన్రు. ఇంకొన్నాళ్ళకు ఆ పటాలం వేరే జాగకు పోయిందట, మాకు తెల్వదు. అత్తమ్మ ఎప్పటి లెక్కనే గుండిగెడు పిండి రుబ్బిచ్చింది. ఎండెక్కింది. కుంపటి రాజేసుకొని గడపల కూసున్నది.

"ఏందే, ఇయ్యాల సోదాకు ఎవ్వలు రాలే? జెర సందు చివరికి పోయి చూసి రా," అన్నది.

పోయి చూసొచ్చిన. సందుల ఒక్క మేక తప్ప ఎవ్వలు లేరు. అదే చెప్పిన. అత్తమ్మ గుండిగె మూత తీసి చూసింది.

"పిండి పులుస్తది. ఆపాను పిలువు," అన్నది. "ఖీమా ఉంటే అది గూడ తెమ్మను."